విశ్వవిద్యాలయ నిర్ణయాల కోసం రిట్ పిటిషన్లు: ఢిల్లీ రాజధాని ప్రాంతం

విద్యార్థో, పరిశోధకుడో, అధ్యాపకుడో పెట్టుకున్న అర్జీని విశ్వవిద్యాలయం ఎటూ తేల్చకుండా నాన్చవచ్చు. లేదా కారణం చెప్పకుండా ఒక్క ముక్కలో తోసిపుచ్చవచ్చు. అలాంటప్పుడు ఫలానా గడువులోగా, కారణాలు రాసి మరీ నిర్ణయం చెప్పమని ఆదేశించాలంటూ హైకోర్టులో రాజ్యాంగం 226వ అధికరణం కింద రిట్ పిటిషన్లు వేస్తారు. వీటిలో కోరే రిట్ పేరు మాండమస్. చట్టం అప్పగించిన పనిని చేసి తీరాలని అధికారికి గానీ సంస్థకు గానీ కోర్టు ఇచ్చే ఆజ్ఞ ఇది. ఢిల్లీ విశ్వవిద్యాలయం, జవాహర్‌లాల్ నెహ్రూ విశ్వవిద్యాలయం (జేఎన్‌యూ), జామియా మిలియా ఇస్లామియా, ఇందిరాగాంధీ జాతీయ సార్వత్రిక విశ్వవిద్యాలయం (ఇగ్నో), గురు గోవింద్ సింగ్ ఇంద్రప్రస్థ విశ్వవిద్యాలయం ఒకే హైకోర్టు పరిధిలో ఉన్నాయి. వాటిపై అజమాయిషీ చేసే విశ్వవిద్యాలయ నిధుల సంఘం (యూజీసీ) కూడా ఢిల్లీ నగరంలోనే ఉంది. అందువల్ల ఈ తరహా వ్యాజ్యానికి ఢిల్లీ హైకోర్టు పెద్ద వేదికయింది.

ఈ పిటిషన్‌లో కోర్టు నుంచి నేరుగా దక్కేది మార్కులు కాదు, సీటు కాదు, పట్టా కూడా చాలాసార్లు కాదు. దక్కేది జవాబు. ఆ జవాబు ‘కాదు’ అని కూడా రావచ్చు. అయినా జనం కోర్టు మెట్లెక్కుతున్నారంటే, చదువు విషయంలో జవాబు రాకపోవడం చాలాసార్లు ‘కాదు’ అనిపించుకోవడం కన్నా ఎక్కువ నష్టం చేస్తుంది కాబట్టే. ‘కాదు’ అంటే అప్పీలు చేసుకోవచ్చు, వేరే కోర్సులో చేరవచ్చు. ఫైలు బల్ల మీదే ఉండిపోతే అటు పరీక్ష తేదీ, ఇటు ఫెలోషిప్ గడువు రెండూ దాటిపోతాయి.

ఏయే వివాదాలు వస్తాయి

సిద్ధాంత గ్రంథం సమర్పించి నెలలు గడిచినా వైవా జరగకపోవడం, ఫలితం నిలిపివేసి ఎందుకో చెప్పకపోవడం, మైగ్రేషన్ సర్టిఫికెట్ ఆలస్యం కావడం, అనారోగ్యం వల్ల తగ్గిన హాజరుకు మినహాయింపు కోరిన అర్జీ, పీహెచ్‌డీ గడువు పొడిగింపు, కాపీ కొట్టారన్న ఆరోపణ మీద విచారణ, హాస్టల్ నుంచి పంపివేత, క్రమశిక్షణ శిక్షపై అప్పీలు ఎక్కువగా కనిపిస్తాయి. అధ్యాపకుల వైపు నుంచి పదోన్నతులు, పాత సర్వీసు లెక్కింపు, పింఛను వస్తాయి.

తెలుగు రాష్ట్రాల నుంచి వెళ్లేవారికి ప్రత్యేకంగా ఎదురయ్యే చిక్కు కుల ధ్రువపత్రానిది. రాష్ట్ర బీసీ జాబితాలో ఉన్న కులమల్లా కేంద్ర ఓబీసీ జాబితాలో ఉండదు. ఉన్నా, పత్రం కేంద్రం నిర్దేశించిన నమూనాలో, క్రీమీలేయర్‌కు చెందరన్న మాటతో ఉండాలి. తహసీల్దారు కార్యాలయం రాష్ట్ర నమూనాలో ఇచ్చిన కాగితం పట్టుకుని ఢిల్లీలో దిగిన విద్యార్థి ప్రవేశాల చివరి వారంలో అర్జీ పెడతాడు. ఆ అర్జీకి జవాబు ఎప్పుడొస్తుందన్నదాని మీదే సీటు ఆధారపడి ఉంటుంది. పైగా 348వ అధికరణం ప్రకారం హైకోర్టు వ్యవహారం ఇంగ్లీషులో నడుస్తుంది. తెలుగులో ఉన్న పత్రాలకు అనువాదం జతచేయవలసి వస్తుంది.

మాండమస్ పూర్వకథ

విశ్వవిద్యాలయం మీద మాండమస్ అనే ఊహ కొత్తదేమీ కాదు. కేంబ్రిడ్జి ట్రినిటీ కళాశాల అధిపతి, గ్రీకు లాటిన్ పండితుడు రిచర్డ్ బెంట్లీ పట్టాలను ఆ విశ్వవిద్యాలయం 1718లో రద్దు చేసింది. ఆయన సంజాయిషీ వినలేదు. ఆయన కింగ్స్ బెంచ్ న్యాయస్థానానికి వెళ్లగా 1723లో మాండమస్ వెలువడింది, మరుసటి ఏడు పట్టాలు తిరిగి వచ్చాయి. ఏదెను తోటలో ఆదామును శిక్షించే ముందు దేవుడు కూడా అతని మాట విన్నాడని ఒక న్యాయమూర్తి ఆ కేసులో గుర్తుచేశారు. సహజ న్యాయసూత్రాల గురించి రాసిన పాఠ్యపుస్తకాల్లో ఆ పోలిక ఇప్పటికీ తిరుగుతూనే ఉంది. బెంట్లీ జగడాలమారి అన్న సంగతి మాత్రం ఆ పుస్తకాలు అంతగా చెప్పవు.

రాజ్యాంగానికి ముందు భారతదేశంలో ఈ అధికారం ఇరుకుగా ఉండేది. 1877 నాటి నిర్దిష్ట ఉపశమన చట్టం 45వ సెక్షను కింద కలకత్తా, మద్రాసు, బొంబాయి హైకోర్టులకే, అదీ వాటి నగరాల హద్దుల్లోనే, మాండమస్ లాంటి ఆజ్ఞ ఇచ్చే వీలుండేది. 1950లో 226వ అధికరణం దాన్ని అన్ని హైకోర్టులకూ ఇచ్చింది. ఢిల్లీకి సొంత హైకోర్టు 1966 అక్టోబరు 31న ఏర్పడింది. జేఎన్‌యూ చట్టం కూడా ఆ ఏడాదిదే.

మాండమస్ పరిధి ఎంతవరకు అన్న ప్రశ్నకు సుప్రీంకోర్టు 1986లో కంప్ట్రోలర్ అండ్ ఆడిటర్ జనరల్ వర్సెస్ జగన్నాథన్ కేసులో ఉదారమైన సమాధానం ఇచ్చింది. అధికారి తన విచక్షణను అసలు వాడకపోయినా, తప్పుగా వాడినా హైకోర్టు ఆదేశం ఇవ్వవచ్చు. అవసరమైతే అధికారి ఇచ్చి ఉండవలసిన ఉత్తర్వును తానే ఇవ్వవచ్చు. ఆచరణలో కోర్టులు ఈ చివరి మాటను పొదుపుగా వాడతాయి, చదువు వ్యవహారాల్లో మరీ పొదుపుగా.

కారణం చెప్పే బాధ్యత

న్యాయవాదులు ‘స్పీకింగ్ ఆర్డర్’ అనేదాన్ని తెలుగు పత్రికలు ‘కారణాలతో కూడిన ఉత్తర్వు’ అంటాయి. ఉత్తర్వు చదివితే, అడిగిందేమిటి, ఏ నిబంధన కింద చూశారు, అర్జీదారు చెప్పిన అంశాలను ఎందుకు ఒప్పుకున్నారు లేదా ఒప్పుకోలేదు అనేది దానిలోంచే తెలియాలి. పక్కన ఎవరో నిలబడి వివరించే పని ఉండకూడదు.

తేడా దగ్గరనుంచి చూస్తేనే తెలుస్తుంది. ‘మీ వినతిని సంబంధిత అధికారి పరిశీలించారు, అంగీకరించడం సాధ్యపడదని తెలియజేయడమైనది’ అని అసిస్టెంట్ రిజిస్ట్రార్ సంతకంతో వచ్చే ఉత్తరం ఒక రకం. సంబంధిత అధికారి ఎవరో, ఏ తేదీన పరిశీలించారో, ఏ కాగితం చూశారో అందులో ఉండదు. రెండో రకం ఉత్తర్వు ఇలా సాగుతుంది: హాజరు ఇంత శాతం, నిబంధన కోరేది ఇంత, వైద్య ధ్రువపత్రం ఫలానా తేదీల మధ్య కాలానికి మాత్రమే ఉంది, ఆ రోజులు కలిపినా ఇన్ని తరగతులు తక్కువ, ఆర్డినెన్సులో డీన్‌కు ఉన్న మినహాయింపు అధికారం ఇంతవరకే, కనుక అర్జీ తిరస్కరించడమైనది. ఈ రెండోది కూడా విద్యార్థికి ప్రతికూలమే. అయితే వైద్య ధ్రువపత్రం తేదీలు తప్పుగా చదివారని చూపించడానికి ఇప్పుడు అతనికి ఒక పట్టు దొరికింది. మొదటి ఉత్తరాన్ని ఎక్కడ పట్టుకోవాలో కూడా తెలియదు.

ఈ బాధ్యత ఒక్క తీర్పుతో పుట్టలేదు. 1990లో ఎస్.ఎన్. ముఖర్జీ వర్సెస్ యూనియన్ ఆఫ్ ఇండియా కేసులో ఐదుగురు సభ్యుల రాజ్యాంగ ధర్మాసనం, పాలనాధికారులు అర్ధ న్యాయ స్వభావం గల అధికారాన్ని వాడేటప్పుడు, చట్టం ప్రత్యేకంగా మినహాయిస్తే తప్ప, కారణాలు నమోదు చేయాలని స్థిరపరిచింది. న్యాయస్థానం తీర్పంత విస్తారంగా ఉండనక్కర్లేదని కూడా చెప్పింది. 2010లో క్రాంతి అసోసియేట్స్ కేసులో సుప్రీంకోర్టు అప్పటిదాకా వచ్చిన తీర్పుల సారాన్ని ఒకచోట పోగుచేసి, రబ్బరు ముద్ర కొట్టినట్టుండే కారణాలు కారణాలే కావని హెచ్చరించింది. వీటికి పక్కన నిలిచే ఇంకో సూత్రం మొహిందర్ సింగ్ గిల్ కేసుది (1977): ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత కోర్టులో అఫిడవిట్ వేసి అతికించకూడదు. ఆ మాట 1951లో గోర్ధన్‌దాస్ భాంజీ కేసులోనే బీజరూపంలో ఉంది. ఒక్క వాక్యంలో తిరస్కరించి, కోర్టు నోటీసు వచ్చాక ఇరవై పేజీల కౌంటరు వేసే అలవాటుకు ఈ సూత్రమే అడ్డుకట్ట.

సమాచార హక్కు చట్టం (2005) దీనికి శాసన బలం కూడా ఇచ్చింది. పాలనాపరమైన, అర్ధ న్యాయపరమైన నిర్ణయాల కారణాలను వాటివల్ల ప్రభావితులైనవారికి తెలియజేయాలని 4(1)(డి) సెక్షను చెబుతుంది. పది రూపాయల రుసుముతో అడిగి తెచ్చుకున్న ఫైలు నోట్ కాపీ చాలా రిట్ పిటిషన్లకు ప్రాణం పోసింది. అర్జీ ఏ గదిలో ఎన్నాళ్లు ఆగిందో ఆ నోట్ షీట్ మీది తేదీలే చెబుతాయి.

వినడానికీ నిర్ణయించడానికీ ఉన్న సంబంధాన్ని తేల్చిన కేసు ఆంధ్రదేశానిది. కృష్ణా జిల్లాలో ప్రైవేటు బస్సు రూట్లను రోడ్డు రవాణా సంస్థ తీసుకునే పథకంపై వచ్చిన అభ్యంతరాలను రవాణా శాఖ కార్యదర్శి విన్నారు, నిర్ణయం ముఖ్యమంత్రి తీసుకున్నారు. గుళ్లపల్లి నాగేశ్వరరావు వర్సెస్ ఏపీఎస్ఆర్‌టీసీ కేసులో 1958లో మెజారిటీ తీర్పు రాసిన జస్టిస్ కోకా సుబ్బారావు దీన్ని తప్పుపట్టారు. ఒకరు విని ఇంకొకరు తేలిస్తే విచారణ ఉత్త తంతుగా మిగులుతుందన్నది ఆ తీర్పు సారం. విశ్వవిద్యాలయాల్లో సరిగ్గా ఇదే అమరిక ఉంటుంది: ప్రాక్టర్ కమిటీ వింటుంది, ఉపకులపతి సంతకం చేస్తారు. కమిటీ నివేదికను ఆధారం చేసుకోవడం దానంతట అదే తప్పు కాదు. అయితే నివేదిక ప్రతి విద్యార్థికి అందిందా, సంతకం చేసినవారు తమ బుద్ధి ఉపయోగించారా అన్న ప్రశ్నలు ఆ పాత బస్సు కేసు నీడలోనే వస్తాయి.

ఢిల్లీలో ఈ ప్రశ్నలు బాగా చర్చకు వచ్చింది జేఎన్‌యూ వ్యవహారంలో. 2016 ఫిబ్రవరి 9న క్యాంపస్‌లో జరిగిన వివాదాస్పద కార్యక్రమంపై ఉన్నత స్థాయి విచారణ కమిటీ వేసిన శిక్షలను ఏప్రిల్‌లో ప్రకటించారు. విద్యార్థులు నిరాహార దీక్షకు దిగారు. మే నెలలో జస్టిస్ మన్మోహన్ దీక్ష విరమించాలన్న షరతుతో, ఉపకులపతి వద్ద అప్పీళ్లు తేలేదాకా శిక్షల అమలును ఆపారు. ఆ అప్పీళ్లపై వచ్చిన ఉత్తర్వులను 2017 అక్టోబరులో జస్టిస్ వి. కామేశ్వరరావు రద్దుచేసి, విద్యార్థుల వాదన మళ్లీ విని తేల్చమని వెనక్కి పంపారు. విశ్వవిద్యాలయం రెండోసారీ శిక్షలవైపే మొగ్గింది. 2018 జులైలో, 2016 ఘటన నాటి విద్యార్థి సంఘం అధ్యక్షుడు కన్హయ్య కుమార్‌పై వేసిన పది వేల రూపాయల జరిమానా ఉత్తర్వును జస్టిస్ సిద్ధార్థ్ మృదుల్ నిలబడదంటూ పక్కన పెట్టారు. ఒక్క జరిమానా చుట్టూ రెండేళ్లకు పైగా కోర్టుకూ క్యాంపస్‌కూ మధ్య కాగితాలు తిరిగాయి. వెనక్కి పంపడమనే పద్ధతికి ఉన్న బలం, బలహీనత రెండూ ఈ కేసులో కనిపిస్తాయి.

2023 నాటి ఢిల్లీ విశ్వవిద్యాలయం కేసు మరింత సూటైనది. జనవరి 27న క్యాంపస్‌లో బీబీసీ డాక్యుమెంటరీ ప్రదర్శనకు సంబంధించి, మానవశాస్త్రంలో పీహెచ్‌డీ చేస్తున్న ఒక విద్యార్థి నాయకుణ్ణి మార్చి 10 నాటి మెమోతో ఏడాదిపాటు పరీక్షలకు దూరం పెట్టారు. సిద్ధాంత గ్రంథం సమర్పించే గడువు ఏప్రిల్ నెలాఖరు. జస్టిస్ పురుషేంద్ర కుమార్ కౌరవ్ ఏక సభ్య ధర్మాసనం ఏప్రిల్ 27న ఆ ఉత్తర్వును రద్దు చేసింది. నిర్ణయించినవారు స్వతంత్రంగా ఆలోచించిన జాడ ఉత్తర్వులో లేదన్నది ప్రధాన కారణం. గడువుకు మూడు రోజుల ముందు వచ్చిన తీర్పు కాబట్టే దానికి విలువ. మే నెలలో వచ్చి ఉంటే అదే తీర్పు సగం ఉత్తదయ్యేది.

జాప్యం, గడువులు

కారణాల విషయంలో న్యాయసూత్రాలు పుష్కలంగా ఉన్నాయి. కాలం విషయంలో మాత్రం పిటిషనర్లు ఎక్కువగా ఆధారపడేది యూజీసీ నిబంధనల మీదే. అర్హత పొందిన తేదీ నుంచి 180 రోజుల్లో పట్టా ఇవ్వాలని 2008 నిబంధనలు చెబుతాయి. పీహెచ్‌డీ గ్రంథం సమర్పించిన ఆరు నెలల్లోగా మూల్యాంకనం, వైవా పూర్తి కావాలని 2022 నిబంధనలు అంటాయి. ఇలా అంకె ఉన్నచోట పిటిషన్ రాయడం తేలిక. అంకె లేనిచోట ‘సహేతుకమైన కాలం’ అనే సాగే కొలతతో వాదించుకోవాలి.

పట్టాల జాప్యం ఎంతవరకు పోగలదో 2020లో బయటపడింది. లేడీ హార్డింజ్ వైద్య కళాశాలలో 2018లో చదువు ముగించిన ఐదుగురు వైద్యులకు రెండేళ్లయినా ఢిల్లీ విశ్వవిద్యాలయం పట్టా కాగితం చేతికి రాలేదు. అమెరికాలో రెసిడెన్సీకి దరఖాస్తు చేయడానికి అది తప్పనిసరి. కోవిడ్ కాలం, కార్యాలయాలు సగం మూసి ఉన్నాయి. జస్టిస్ ప్రతిభా ఎం. సింగ్ ఈ కేసును ఐదు పట్టాల దగ్గర ఆపలేదు. డిజిటల్ సంతకంతో పట్టాను ఈమెయిల్‌లో పంపే ఏర్పాటు, ఆన్‌లైన్‌లో దరఖాస్తు తీసుకునే పోర్టల్, డిజిలాకర్ తోడ్పాటు వరకు విచారణ విస్తరించింది. 2021 ఫిబ్రవరి స్నాతకోత్సవంలో విశ్వవిద్యాలయం దాదాపు 1.78 లక్షల డిజిటల్ పట్టాలు ఇచ్చింది. ఒకరిద్దరి ఫైలు కదిలించమని వచ్చిన మాండమస్ మొత్తం యంత్రాన్ని కదిలించిన సందర్భాలు అరుదు. ఇది వాటిలో ఒకటి.

2020లోనే ఢిల్లీ విశ్వవిద్యాలయ చివరి సంవత్సరం విద్యార్థులకు పుస్తకం తెరిచి రాసే పరీక్షలు ఆగస్టు 10న మొదలయ్యాయి. వాటిని అనుమతించిన కోర్టు, ఫిర్యాదులు చూసేందుకు విశ్రాంత న్యాయమూర్తి జస్టిస్ ప్రతిభా రాణి నేతృత్వంలో కమిటీని పెట్టింది. ఫలితాలు ఎప్పుడిస్తారన్న ప్రశ్నను జస్టిస్ హిమా కోహ్లీ, జస్టిస్ సుబ్రమణియం ప్రసాద్ ధర్మాసనం పట్టుకుని అక్టోబరు నెలాఖరు గడువు విధించింది. విదేశీ విశ్వవిద్యాలయాల్లో చేరవలసినవారికి మార్కుల జాబితా లేక సీటు పోయే పరిస్థితి ఉంది మరి.

ఏ కోర్టుకు వెళ్లాలి

రాజధాని ప్రాంతం మెట్రో పటంలో ఒకటే గానీ న్యాయ పటంలో కనీసం మూడు ముక్కలు. నోయిడా, గ్రేటర్ నోయిడా, ఘజియాబాద్ విశ్వవిద్యాలయాలపై వేసే పిటిషన్ అలహాబాద్ హైకోర్టుకు వెళ్లాలి. గురుగ్రామ్, ఫరీదాబాద్, సోనీపత్, రోహ్‌తక్‌లవి చండీగఢ్‌లోని పంజాబ్ హరియాణా హైకోర్టుకు. నోయిడా విద్యార్థికి ఢిల్లీ హైకోర్టు గంట ప్రయాణం, ప్రయాగ్‌రాజ్ రాత్రంతా రైలు. 226(2) ప్రకారం వివాద కారణంలో కొంత భాగమైనా తన పరిధిలో తలెత్తితే హైకోర్టు విచారించవచ్చు. కాబట్టి ద్వారకలో ప్రధాన కార్యాలయమున్న ఇంద్రప్రస్థ విశ్వవిద్యాలయం ఉత్తర్వుపై, కళాశాల ఢిల్లీ హద్దు దాటి ఉన్నా, ఢిల్లీ హైకోర్టులో నిలబడే అవకాశం ఉంది.

ప్రైవేటు సంస్థలపై రిట్ చెల్లదన్న అభ్యంతరం తరచు వస్తుంది. ఎస్ఆర్ఎం విశ్వవిద్యాలయానికి సంబంధించిన జానెట్ జయపాల్ కేసులో సుప్రీంకోర్టు 2015లో, విద్యాబోధన అనే ప్రజా కర్తవ్యం నిర్వర్తించే డీమ్డ్ విశ్వవిద్యాలయంపై 226 కింద రిట్ వేయవచ్చని తేల్చింది. వినియోగదారుల కమిషన్‌కు వెళ్దామనుకునేవారికి దారి మూసుకుంది. పరీక్ష నిర్వహణ సేవ కాదు, పరీక్షార్థి వినియోగదారు కాడు అని 2009లో బిహార్ స్కూల్ పరీక్షల బోర్డు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. రోహ్‌తక్‌లోని మహర్షి దయానంద్ విశ్వవిద్యాలయం కేసులో 2010లో అదే అనుసరించింది.

పిటిషన్ నడక

కోర్టుకు ముందు ఒక అర్జీ ఉండాలి. అడగనిదాన్ని ఇవ్వలేదని ఫిర్యాదు చేయలేరు. అర్జీ ప్రతి మీద ఇన్‌వార్డు ముద్ర, డైరీ నంబరు, తేదీ ఉంటే జాప్యానికి అదే సాక్ష్యం. ఈమెయిల్ అయితే పంపిన వేళతో సహా ముద్రించి జతచేస్తారు. అర్జీని ‘మాన్యులు ఉపకులపతి గారికి’ అని పంపి ఊరుకోవడం అనుభవం లేనివారు చేసే పని. ఆ విషయంలో అధికారం ఆర్డినెన్సు ప్రకారం ఎవరికుంటే వారికి, అంటే పరీక్షల కంట్రోలర్‌కో డీన్‌కో ప్రిన్సిపల్‌కో, పంపితేనే తర్వాత మాండమస్ అడగడానికి చేయి దొరుకుతుంది.

పిటిషన్ ప్రతిని విశ్వవిద్యాలయ స్టాండింగ్ కౌన్సెల్‌కు ముందే అందజేయాలి. ఏక సభ్య ధర్మాసనం ముందు తొలి విచారణ తరచు నిమిషాల్లో ముగుస్తుంది. విశ్వవిద్యాలయ న్యాయవాది నోటీసు స్వీకరించి, ‘సూచనలు తీసుకుని చెబుతాను’ అంటారు. ఆ సూచనల కోసం చేసే ఫోనుతోనే ఏడాదిగా కదలని ఫైలు కదిలిన ఉదాహరణలు వకీళ్ల కబుర్లలో బోలెడు. లేదంటే, ఈ పిటిషన్‌నే వినతిగా భావించి, పిటిషనర్ మాట విని, ఇన్ని వారాల్లో కారణాలతో కూడిన ఉత్తర్వు ఇవ్వాలంటూ కేసు ముగిస్తారు. ఉత్తర్వు నచ్చకపోతే మళ్లీ రావచ్చన్న స్వేచ్ఛ కూడా అందులో రాస్తారు. పరీక్ష దగ్గరపడితే మధ్యంతర దరఖాస్తు మీద తాత్కాలికంగా రాయనిచ్చి, ఫలితాన్ని సీల్డ్ కవరులో ఉంచమనడం మరో పద్ధతి. 2025 మార్చిలో జామియాకు చెందిన ఏడుగురు విద్యార్థుల సస్పెన్షన్‌ను నిలిపివేసినప్పుడు హైకోర్టు, విషయాన్ని సామరస్యంగా తేల్చేందుకు కమిటీ వేయమని కూడా చెప్పింది.

తాత్కాలిక అనుమతులకు హద్దుంది. ఆంధ్రప్రదేశ్ క్రిస్టియన్స్ మెడికల్ ఎడ్యుకేషనల్ సొసైటీ కేసులో 1986లో జస్టిస్ ఓ. చిన్నపరెడ్డి, విశ్వవిద్యాలయాన్ని తన చట్టాన్నే ఉల్లంఘించమని కోర్టు ఆదేశించజాలదంటూ, గుర్తింపు లేని కళాశాల విద్యార్థులను పరీక్షకు అనుమతించడానికి నిరాకరించారు. మరోవైపు, విద్యార్థి తప్పేమీ లేకుండా, సకాలంలో కోర్టుకొచ్చినా సీటు పోయినప్పుడు ఏమిటన్న ప్రశ్న కూడా ఆంధ్రప్రదేశ్ ఎంబీబీఎస్ అభ్యర్థి ఒకరి కేసులోనే తేలింది. 2019 డిసెంబరులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం అరుదైన సందర్భాల్లో సీటు, లేదా తర్వాతి ఏడాది ప్రవేశం, నష్టపరిహారం ఇప్పించవచ్చని చెప్పింది.

ఖర్చు భరించలేనివారికి ఢిల్లీ హైకోర్టు న్యాయసేవల కమిటీ ఉంది. 1987 చట్టం 12వ సెక్షను ప్రకారం మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు, వికలాంగులకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం దొరుకుతుంది. మహిళా విద్యార్థులందరికీ ఈ హక్కు ఉందన్న సంగతి హాస్టళ్లలో పెద్దగా తెలియదు.

‘పరిశీలించండి’ అనే మాట

అర్జీని పరిశీలించమనే ఆదేశం ఎవరికీ నొప్పి కలిగించదు. కోర్టుకు కేసు తగ్గుతుంది, విశ్వవిద్యాలయానికి గడువు దొరుకుతుంది, పిటిషనర్‌కు గెలిచినట్టుంటుంది. ఆ సౌకర్యమే దాని లోపం. ఏపీఎస్ఆర్‌టీసీ ఉద్యోగుల క్రమబద్ధీకరణ వ్యాజ్యంలో 2006లో సుప్రీంకోర్టు ఈ మాటను విడదీసి చూపింది. పరిశీలించమనడం మంజూరు చేయమనడం కాదు. కోర్టు హక్కును తేల్చి పరిశీలించమందా, ఏమీ తేల్చకుండా అందా అన్నది ఉత్తర్వులో స్పష్టంగా ఉండాలి. 2008లో సి. జాకబ్ కేసులో కోర్టు మరింత కటువుగా మాట్లాడింది. 1982లో ఉద్యోగం పోయిన వ్యక్తి దాదాపు 18 ఏళ్ల తర్వాత వినతి పెట్టి, దాన్ని పరిశీలించమన్న ఆదేశం తెచ్చుకుని, వచ్చిన తిరస్కరణను కొత్త వివాద కారణంగా చూపారు. చచ్చిన వివాదానికి ఇలా ప్రాణం పోయరాదని కోర్టు చెప్పింది. వినతి మీద వినతి పెట్టినంత మాత్రాన కాలం ఆగదు.

న్యాయస్థానాలు అడుగుపెట్టని చోటు ఒకటుంది: చదువు విలువ కట్టడం. నిపుణుల అంచనాను కోర్టు తన అంచనాతో మార్చకూడదని మైసూరు విశ్వవిద్యాలయం వర్సెస్ గోవిందరావు కేసు 1963లోనే చెప్పింది. నిబంధన లేనిదే రీవాల్యుయేషన్ హక్కు కాదని 1984లో పరితోష్ కేసు తేల్చింది. అయితే దిద్దిన జవాబు పత్రాన్ని చూసుకునే హక్కు సమాచార చట్టం కింద ఉందని 2011లో సీబీఎస్ఈ వర్సెస్ ఆదిత్య బందోపాధ్యాయ కేసు ఒప్పుకుంది. అందువల్ల అనుభవజ్ఞులు ‘మార్కులు పెంచండి’ అని పిటిషన్ వేయరు. ‘నాలుగో ప్రశ్న దిద్దలేదని రాసిన అర్జీకి జవాబు చెప్పించండి’ అని వేస్తారు.

ముందుగా తట్టవలసిన తలుపులు, తీర్పు తర్వాతి మలుపు

ప్రత్యామ్నాయ మార్గం ఉండగా రిట్ ఎందుకని కోర్టు అడుగుతుంది. 2023 ఏప్రిల్‌లో వచ్చిన యూజీసీ నిబంధనల ప్రకారం ప్రతి సంస్థలో విద్యార్థి ఫిర్యాదుల పరిష్కార కమిటీ ఉండాలి. వీలైనంతవరకు 15 పనిదినాల్లో నివేదిక ఇవ్వాలి. ఆపైన అంబుడ్స్‌పర్సన్ 30 రోజుల్లో తేల్చాలి. విశ్రాంత ఉపకులపతి, ఆచార్యుడు, జిల్లా జడ్జి ఈ పదవికి అర్హులు. 2024 జూన్‌లో యూజీసీ ఇంకా అంబుడ్స్‌పర్సన్‌ను నియమించని 157 విశ్వవిద్యాలయాల జాబితా ప్రకటించింది. తలుపే లేనిచోట ముందు ఆ తలుపు తట్టి రమ్మనడం కుదరదు. అక్కడ రిట్ నేరుగా నిలబడుతుంది. ఇంగ్లండ్, వేల్స్‌లలో ఇలాంటి వివాదాలు ఎక్కువగా 2004 ఉన్నత విద్యా చట్టం కింద గుర్తింపు పొందిన స్వతంత్ర న్యాయనిర్ణేత కార్యాలయానికి వెళతాయి. విశ్వవిద్యాలయం తన అంతర్గత విచారణ ముగిసిందని లేఖ ఇస్తుంది, ఆ లేఖే అక్కడ ప్రవేశపత్రం.

హైకోర్టు పెట్టిన గడువు దాటినా విశ్వవిద్యాలయం పలకకపోతే 1971 చట్టం కింద కోర్టు ధిక్కరణ పిటిషన్ వేయవచ్చు. ధిక్కరణ జరిగిన ఏడాదిలోగా వేయాలి. గరిష్ఠ శిక్ష ఆరు నెలల సాధారణ ఖైదు, రెండు వేల రూపాయల జరిమానా, లేదా రెండూ. శిక్షదాకా పోయేవి అరుదు. నోటీసు అందగానే ఉత్తర్వు తయారవుతుంది, కొన్నిసార్లు వెనకటి తేదీతో. గడువులోగా వచ్చిన ఉత్తర్వు పిటిషనర్‌కు ప్రతికూలంగా ఉంటే మాత్రం అది ధిక్కరణ కాదు. దాన్ని సవాలు చేయాలంటే కొత్త పిటిషన్, కొత్త నంబరు. ఏక సభ్య ధర్మాసనం తీర్పుపై అయితే ద్విసభ్య ధర్మాసనం ముందు లెటర్స్ పేటెంట్ అప్పీలు.